చెల్లెల్ని మీరంటారా

మా బ్లాకులో నేను పెట్టిన చట్టం ఒక్కటే. ఎవరూ ఎవరినీ నువ్వు అనకూడదు.

జర్మన్లు మమ్మల్ని పందులన్నారు, చెత్తన్నారు, పేరు తీసేసి నెంబరు పెట్టి పిలిచారు. వాళ్ళ నోటికి తాళం వెయ్యడం నా వల్ల కాదు. మా నోళ్ళు మాత్రం మావే కదా. అందుకని తలల్లో పేలు కుక్కుకుంటున్నప్పుడు కూడా "కాస్త అటు తిరుగుతారా వాండా గారూ" అని అడిగేవాళ్ళం. పక్కదాని రొట్టె కాజేసిన మనిషిని పట్టుకుని రెండు తగిలించాల్సి వస్తే తగిలించేవాళ్ళమే గానీ, "సిగ్గు లేదుటండీ మీకు" అనే తిట్టేవాళ్ళం. కొత్తగా వచ్చినవాళ్ళు నవ్వేవారు. గుండు గీసి, ఎవరో చచ్చినావిడ గౌను తొడిగి నిలబెడితే ఇంకా ఈ మర్యాదలేమిటి, చింత చచ్చినా పులుపు చావలేదని ఒకావిడ నా మొహం మీదే అంది. పులుపు చావకూడదనే ఈ తిప్పలన్నీ అన్నాను. వారం తిరక్కుండా ఆవిడే ఇంకొకరికి మర్యాద నేర్పడం విన్నాను.

అలాగని నేనేమీ గొప్పింటి బిడ్డను కాను. యుద్ధానికి ముందు పోలండులో, లుబ్లిన్ నాటకశాలలో ప్రాంప్టర్ని. వేదిక ముందున్న గూట్లో మోకాళ్ళు మడుచుక్కూర్చుని, మాట మర్చిపోయిన రాజులకీ రాణులకీ మాట అందించేదాన్ని. రాణిని అంతవరకు మీరంటున్న సేనాపతి ఒక్కసారి నువ్వన్నాడంటే చాలు, హాలంతా నిటారుగా కూర్చునేది. ఒక్క మాటతో ఇద్దరి మధ్య దూరం ఎంతుందో బయటపడిపోతుందని ఆ గూట్లోనే నేర్చుకున్నాను. ఆ గూట్లోనే జర్మన్లకి వ్యతిరేకంగా వేసిన కరపత్రాలు కూడా దాచాను కాబట్టి ఈ శిబిరానికి వచ్చాను.

నోరు మంచిదైతే ఊరు మంచిదంటారు. మా బ్లాకులో ఆ మంచి నోరే ఒక పిల్ల ప్రాణం మీదికి తెచ్చింది.

ఆ పిల్ల పేరు లుద్వికా. మందుల చదువు చదువుతూ మధ్యలో పట్టుబడింది. శిబిరం డాక్టర్లు ఆమెనీ, ఆమెలాంటి మరికొందరు అమ్మాయిల్నీ బల్ల మీద పడుకోబెట్టి, బాగున్న కాళ్ళు కోసి, గాయాల్లో మురికీ గాజుపెంకులూ పెట్టి కుట్టి, ఏమవుతుందో చూశారు. కొందరు చచ్చిపోయారు. బతికినవాళ్ళు కుంటుతూ తిరిగేవారు. ప్రయోగశాలలో కుందేళ్ళని కోసినట్టు కోశారు కాబట్టి వాళ్ళకి కుందేళ్ళని పేరొచ్చింది. ఆ పేరు పెట్టుకుంది వాళ్ళే, అందులోనూ ఒక రోషం ఉంది.

నలభై అయిదు ఫిబ్రవరి వచ్చేసరికి తూర్పు గాలి వీచినప్పుడల్లా రష్యన్ ఫిరంగుల మోత సన్నగా వినిపించేది. ఓడిపోతామని తెలిశాక మా దొరలకి ఆ కాళ్ళు గుర్తొచ్చాయి. అబద్ధం ఆడని సాక్ష్యాలు అవి. కుందేళ్ళెవరూ తమ బ్లాకు దాటకూడదని ఒక ఆదివారం ఉత్తర్వు వచ్చింది. ఆ ఉత్తర్వుకి అర్థం ఏమిటో శిబిరంలో తెలియనివాళ్ళు లేరు.

మరుసటి రోజు తెల్లవారేసరికి ఒక్క కుందేలూ తన బ్లాకులో లేదు. శిబిరం మొత్తం కలిసి వాళ్ళని మింగేసింది. కొందరు నేల చెక్కల కింద, కొందరు టైఫస్ గదిలో చావబోయేవాళ్ళ మధ్య, కొందరు చచ్చిపోయినవాళ్ళ నెంబర్ల చాటున. ఎవరూ మీటింగు పెట్టలేదు. నాకీ శిబిరంలో నచ్చనివాళ్ళు వందల్లో ఉన్నారు, వాళ్ళ నోట్లోంచి కూడా ఒక్క పేరు బయటికి రాలేదు. ఆ సంగతి తలుచుకుంటే ఇప్పటికీ నాకు గర్వంగా ఉంటుంది.

లుద్వికా మా బ్లాకుకొచ్చింది. ఆ పొద్దునే మా దగ్గర పోలా పోయింది.

పోలా అసలు పేరు అపోలోనియా బరాన్. ఆమె అక్క గెనోవేఫా. జామోష్చ్ దగ్గర పల్లెవాళ్ళు, జర్మన్ల మీద తిరగబడి అడవిలో దాక్కున్న కుర్రాళ్ళకి పాలు పోశారని ఇద్దర్నీ తీసుకొచ్చారు. ఇద్దరూ ఒకే చెక్క మీద పడుకునేవాళ్ళు, ఒకే గిన్నెలో తినేవాళ్ళు, పొద్దస్తమానం పోట్లాడుకునేవాళ్ళు. బ్లాకంతటిలో నా చట్టం నుంచి మినహాయింపు వాళ్ళిద్దరికే ఇచ్చాను, తోడబుట్టినవాళ్ళు కాబట్టి. "నా వీపు నీకు పరుపుటే, జరుగు నువ్వు" అని గెనోవేఫా కసిరితే, ఇల్లు గుర్తొచ్చి మాకందరికీ కడుపులో చల్లగా ఉండేది.

పోలా జ్వరంతో పోయింది. నేనేదో సర్దిచెప్పబోయేలోపే గెనోవేఫా చెల్లెలి గౌను మీది నెంబరు తానే విప్పింది. సూది తీసి లుద్వికా గౌనుకి తానే కుట్టింది. "అది ఎలాగూ పోయిందండి. దీని వల్ల ఇంకోళ్ళు బతికితే బతకనివ్వండి" అంది. పోలాని ఊరూ పేరూ లేని శవాల మధ్య వదిలొచ్చాం. చెల్లెలు బతికే ఉన్నట్టు లెక్క కాబట్టి గెనోవేఫా ఏడవడానికి లేదు, పేరు చెప్పి ప్రార్థించడానికీ లేదు. ఆమె చెయ్యి ఒప్పుకుంది. నాలుక ఒప్పుకోలేదు. అది నాకు తర్వాత తెలిసింది.

లుద్వికాకి పాత్ర నేర్పడం నా వంతు. ఊరి పేరు, తల్లి పేరు, ఆవు పేరు, ఏ గుడిలో జ్ఞానస్నానం, అన్నీ చెవిలో ఊదాను. చదువుకున్న పిల్ల, ఒక్కసారి వింటే చాలు. పోలా కాలివేళ్ళు మంచుకి చచ్చి కొద్దిగా కుంటేది, కాబట్టి నడకకీ ఇబ్బంది లేదు. మొహాలంటారా, అప్పటికి మా అందరిదీ ఒకే మొహం, ఎముకల మొహం. లుద్వికా మొదటి రోజు నుంచే గెనోవేఫాని "అక్కా, నువ్వు" అని పిలవసాగింది. పిలిచినప్పుడల్లా గెనోవేఫా భుజం అదిరేది. జవాబు మాత్రం, "ఏం కావాలండీ?"

నేను కోప్పడ్డాను. నాలుగు గోడల మధ్య నేను పెట్టిన చట్టాన్ని నేనే ఎత్తేస్తున్నాను కదా, ఇంకేమిటని దెబ్బలాడాను. అప్పుడు చెప్పింది.

"మా ఊళ్ళో కన్నతల్లిని కూడా మీరనే అంటామండి. నా మొగుణ్ణి పెళ్ళయిన ఏడాదికి గానీ నువ్వనలేదు, వాడూ పోయాడు. నేను నువ్వనేది ముగ్గుర్నేనండి. దేవుణ్ణి, మా ఆవుని, పోలాని. ఆవుని జర్మన్లు తోలుకుపోయారు. దేవుడితో మాటల్లేవు. ఇంక మిగిలిన ఆ ఒక్క మాటా తీసుకెళ్ళి చదువుకున్న దొరసానికి ఎలా ఇచ్చెయ్యమంటారు? నెంబరిచ్చానుగా."

కోపమూ వచ్చింది, దుఃఖమూ వచ్చింది. నాటకశాలలో అయితే సంభాషణ రాసినవాడికి చెప్పి మార్పించేదాన్ని.

జరగకూడనిది సూప్ దగ్గర జరిగింది. లుద్వికా తూలిపడబోతుంటే గెనోవేఫా మోచెయ్యి పట్టుకుని, గిన్నె ముందుకు తోసి, "మీరు ముందు తీసుకోండి" అంది. ప్రేమగానే అంది. వెనకాల ఓతీలియా ఉంది.

ఓతీలియా కూడా ఖైదీయే. సిలేసియా మనిషి, జేబులు కొట్టి వచ్చింది, జర్మనూ మా భాషా రెండూ గడగడా మాట్లాడుతుంది. కర్ర చేతికిచ్చి ఈ మధ్యే మా మీద పెట్టారు. దాక్కున్న కుందేలుని పట్టిస్తే రష్యన్లు రాకముందే ఇంటికి పంపిస్తామని ఆశ చూపించారు కాబట్టి ఆ రోజుల్లో దానికి ఒళ్ళంతా చెవులే.

"ఏమే బరాన్, చెల్లెల్ని మీరంటారా మీ ఊళ్ళో?" అంది నవ్వుతూ.

గెనోవేఫా బిగుసుకుపోయింది. నేను అందుకున్నాను. మా బ్లాకులో అందరం ఇంతే, అలవాటైపోయింది, నిన్ను కూడా మీరంటామంటే వద్దంటావా అన్నాను. అందరూ నవ్వారు. ఓతీలియా కూడా నవ్వింది గానీ కదల్లేదు. అంతకుముందే తొందరపడి ఒకమ్మాయిని కుందేలని చూపిస్తే కాదని తేలి, మా మీద కాపలా ఉండే జర్మను వార్డరమ్మ చేతిలో తనే తన్నులు తింది. ఈసారి తప్పు పట్టించకూడదు దానికి. అందుకని లుద్వికా గుండెల మీది నెంబరు చూసి, పేరడిగింది.

"అపోలోనియా" అంది లుద్వికా.

"అయితే ఈ శుక్రవారమే నీ పేరుపండగ. మీ అక్క నిన్నెలా దీవిస్తుందో చూద్దామని ఉంది. వార్డరమ్మని కూడా తీసుకొస్తా. నాకు నచ్చకపోతే మేజోళ్ళు దించమంటా" అని వెళ్ళిపోయింది.

మా వాళ్ళకి పుట్టినరోజు పట్టదు. క్యాలెండరులో తమ పేరున్న పునీతుల దినం ఏ రోజొస్తే ఆ రోజే వాళ్ళకి పండగ. జైలైనా, యుద్ధమైనా, ఆ రోజు దీవించకుండా ఊరుకున్న అక్క పోలండులో ఉండదు. ఓతీలియాకి ఈ సంగతి తెలుసు. మేజోళ్ళు దిగితే ఆ కాళ్ళ మీద గాడుల్లాంటి మచ్చలు కనిపిస్తాయి. అంతటితో లుద్వికా అయిపోతుంది, దాచినందుకు బ్లాకూ అయిపోతుంది.

ఆ మధ్య రోజుల్లో గెనోవేఫా చేత నువ్వనిపించడానికి చెయ్యని ప్రయత్నం లేదు. బతిమాలాం. ఆమె పాపం మొండికెయ్యలేదు, నోరు తెరిచేది, పెదాలు కదిపేది, మాట బయటికొచ్చేసరికి మీరయ్యేది. అలా అయినప్పుడల్లా తన నోటి మీద తనే కొట్టుకునేది. చివరికి లుద్వికాయే నా దగ్గరికొచ్చింది. "వదిలెయ్యండి మెలానియా గారూ. నేను వేరే బ్లాకుకి పోతాను. ఆవిడ దగ్గర ఇప్పటికే చాలా తీసుకున్నాను" అంది. ఏ బ్లాకుకి పోతావు, గేటు దగ్గర కుక్కలున్నాయి అన్నాను. ఆ కంగారులో నేనే నా చట్టం తప్పి నువ్వన్నానని తర్వాత గుర్తొచ్చింది.

శుక్రవారం మధ్యాహ్నం ఓతీలియా అన్నమాట ప్రకారం వచ్చింది. వార్డరు తలుపు దగ్గరే నిలబడింది, లోపలి కంపు భరించలేక. బూటు మడమతో గడప తడుతోంది.

మేం సిద్ధంగానే ఉన్నాం. ఒక్కొక్కరం లుద్వికా ముందుకెళ్ళి "నూరేళ్ళు బతకండి అపోలోనియా గారూ" అని దీవించాం. ఎవరో గడ్డిపోచలతో అల్లిన చిన్న పువ్వు ఇచ్చారు. ఓతీలియా ఆవలించింది.

"మీ మర్యాదలు నాకు తెలుసులే. అక్క ఏమంటుందో వింటా."

గెనోవేఫా చెక్కల పక్కన నిలబడి ఉంది. కదల్లేదు. నా వృత్తిలో ఇలాంటి నిశ్శబ్దాలు ఎన్నో చూశాను. నటుడి కళ్ళు గాజుకళ్ళయిపోతాయి, అప్పుడు గూట్లోంచి మొదటి అక్షరం అందిస్తే చాలు, మిగతాది దానంతటదే వస్తుంది. నా పెదాలు కూడా వాటంతటవే కదిలాయి. కానీ ఏం అందించను? పోలాని వాళ్ళక్క పేరుపండగ నాడు ఏమని దీవించేదో నాకు తెలియదు. అది ఆ ఇద్దరికే తెలిసిన మాట. ఒకరు లేరు.

వార్డరు విసుగ్గా ఏదో అంది. ఓతీలియా లుద్వికా వైపు ఒక అడుగు వేసింది.

గెనోవేఫా అంతకంటే ముందు వేసింది. తిన్నగా వెళ్ళి, సంతలో ఆవుని చూసినట్టు లుద్వికా గడ్డం పట్టుకుని పైకెత్తింది.

"పళ్ళన్నీ ఉన్నాయా? ఏదీ, చూపించు నువ్వు."

మాకెవరికీ అర్థం కాలేదు. ఇది మేము నేర్పిన పాత్రలో లేదు. లుద్వికా ఒక్క క్షణం ఆమె కళ్ళలోకి చూసింది. తర్వాత చంటిపిల్లలా నోరు తెరిచింది.

"నువ్వు పేరు పెట్టుకున్న పునీతురాలికి పళ్ళు రాలగొట్టి చంపారు, నీకు మాత్రం ఒక్కటీ రాల్లేదు. తిండిపోతుదానివి. అమ్మ మన కోసమని దాచిన బూరెలన్నీ నువ్వే తినేదానివి, నాకొక్కటి పెట్టేదానివా?" గెనోవేఫా గొంతు పెద్దదవుతోంది. రొమ్ముల మధ్య దాచుకున్న రొట్టె ముక్క తీసి ఆ తెరిచిన నోట్లో పెట్టింది. "తిను. నూరేళ్ళు బతకాలి నువ్వు. నన్నొదిలేసి పోయావో, చంపేస్తా నిన్ను."

అని, అక్కడే నేల మీద కూలబడి ఏడ్చింది. అన్ని రోజులు మింగిందంతా బయటికొచ్చింది. పోలా, పోలా అని పేరు పెట్టి ఏడ్చింది. లుద్వికా నోట్లో రొట్టె అలాగే ఉంచుకుని ఆమె తల ఒళ్ళోకి తీసుకుంది. పేరుపండగ నాడు అక్కచెల్లెళ్ళు ఏడవకూడదని ఏ జర్మను చట్టంలోనూ లేదు.

నేను ఓతీలియానే చూస్తున్నాను. అది తన చూపుడువేలితో తన బుగ్గ తడుముకుంది, లోపల పన్ను నొప్పి పెడుతున్నట్టు. "మా అమ్మ కూడా ఈ రోజు మా పళ్ళు చూసేది" అంది, ఎవరితోనో తెలియదు. తర్వాత తలుపు వైపు తిరిగి జర్మనులో చెప్పింది. పల్లెటూరి మొద్దులమ్మా, అక్కచెల్లెళ్ళే, పదండి. నమ్మి చెప్పిందో, నమ్మినట్టు చెప్పిందో నేనెప్పటికీ తేల్చుకోలేకపోయాను. దాని మీద ఉండాల్సినంత అసహ్యం ఆ రోజు నుంచి నాకు కుదరలేదు.

గెనోవేఫా సాయంత్రం లేచి మొహం కడుక్కుంది. ఇంక నువ్వనడానికి తడబడలేదు. పోలాకి చెప్పాల్సింది చెప్పేసిందని నేననుకున్నాను. మట్టి లేదు, గంట లేదు, ఫాదరు లేడు, అయినా పోలా అంత్యక్రియలు ఆ మధ్యాహ్నమే జరిగాయి. ఓతీలియాయే జరిపించింది.

ఏప్రిల్‌లో ఖైదీల్ని విడిపించే సహాయ సంఘం వాళ్ళ తెల్ల బస్సులొచ్చి మమ్మల్ని బయటికి తీసుకుపోయాయి. బస్సెక్కేముందు గెనోవేఫా లుద్వికా గౌను మీద తను కుట్టిన నెంబరుని తనే విప్పుకుని జాకెట్లో దాచుకుంది. "మీ ప్రాణం మీకు దక్కింది. ఆరోగ్యం చూసుకోండి లుద్వికా గారూ" అంది. లుద్వికా మొహం చిన్నబోయింది. కానీ ఏం అడుగుతుంది? అరువు తెచ్చుకున్న మాట, ఇచ్చినావిడ తిరిగి తీసుకుంది.

తర్వాత ఆ డాక్టర్ల మీద జర్మనీలో విచారణ జరిగితే, సాక్ష్యానికి పిలిచిన వాళ్ళలో లుద్వికా కూడా ఉంది. తిరిగి వచ్చాక తిన్నగా నా దగ్గరికొచ్చింది. గెనోవేఫా ఊరికి తోడు రమ్మంది, కాగితం మీద రాసే సంగతి కాదంది.

వెళ్ళేసరికి గెనోవేఫా కొత్త ఆవుకి నీళ్ళు పెడుతోంది. మమ్మల్ని చూసి ఖాళీ బాల్చీతోనే ఇంట్లోకి దారి తీస్తూ, "రండి, రండి, కూర్చోండి" అని హడావిడి పడింది. లుద్వికా కూర్చోలేదు. నిలబడే చెప్పింది. జడ్జీగారు పేరేమిటని అడిగారట. కాళ్ళు చూపించాలన్న భయమో, చుట్టూ యూనిఫారాలు చూసిన కంగారో, అడిగిన వెంటనే నోట్లోంచి అపోలోనియా బరాన్ అని వచ్చేసిందట. కోర్టులో గుసగుసలు. అప్పుడు ఆ పేరెవరిదో, తన మీదికెలా వచ్చిందో అంతా చెప్పిందట. పొరపాటున పడిన పేరు కొట్టెయ్యమంటారా అని రాసుకునేవాడు అడిగితే, వద్దు, ఉంచండి అందట.

గెనోవేఫా రెండడుగులు దగ్గరికొచ్చింది. చేతిలో ఖాళీ బాల్చీ అలాగే ఉంది.

"పోలా పేరు రాశారా?"

"రాశారండీ."

"ఇంటిపేరుతోనా?"

"ఇంటిపేరుతోనే. ఊరి పేరు కూడా. జ్వరంతో పోయిందని కూడా రాశారు."

గెనోవేఫా తల ఊపింది. బాల్చీ కింద పెట్టింది. పొయ్యి దగ్గరికి వెళ్ళి మా వైపు వీపు పెట్టి, మూకుడు పైకి ఎక్కించింది. కళ్ళు తుడుచుకుంటోందని భుజాలు చూస్తే తెలుస్తూనే ఉంది.

"నువ్వేమైనా తిన్నావా పొద్దున్నుంచీ?" అంది అటు తిరిగే.

ఎవరిని అడిగిందోనని లుద్వికా నా వైపు చూసింది.

"నిన్నే" అంది గెనోవేఫా.